అలసటకు ఎన్ని మార్కులు?

ఆసుపత్రిలో ఇప్పుడు నా కుర్చీలో కూర్చుంటున్న అమ్మాయి మొన్న ఫోన్ చేసింది. ఎవర్ని అడిగినా నాలుగో ఐదో అంటున్నారట. ఒకరికీ ఇంకొకరికీ తేడా తెలియడం లేదట. స్కేలు మార్చమని పైవాళ్లను అడగమంటారా మేడం అంది. స్కేలు జోలికి పోవద్దు, నువ్వు అడిగే పద్ధతి మార్చుకో అన్నాను. అదెలాగో ఫోన్లో తేలే సంగతి కాదు. అందుకే తీరిగ్గా కూర్చుని ఇది రాస్తున్నాను, ఆ అమ్మాయి కోసమూ, ఈ పనిలోకి కొత్తగా వస్తున్న మిగతా పిల్లల కోసమూ.

నేను ఫిజియోథెరపిస్టుని. నాంపల్లిలో, స్టేషను నుంచి నడిచి వెళ్లగలిగే దూరంలో ఉన్న ఒక ట్రస్టు ఆసుపత్రిలో, కీళ్లవాతం విభాగంలో పనిచేశాను. మొదట్లో వేళ్లు వంచడం, మోకాళ్లు చాచడం నేర్పేదాన్ని. తర్వాత్తర్వాత నాకు అప్పగించిన పని దాదాపు ఒకటే. ఏళ్ల తరబడి జబ్బుతో ఉన్నవాళ్ల అలసటను కొలవడం. ఈ మాట చెబితే జనం నవ్వుతారు. మా ఆయన ఇప్పటికీ నవ్వుతారు. జ్వరానికి థర్మామీటరుంది, బీపీకి మిషనుంది, నీ చేతిలో ఏముందంటారు. నా చేతిలో ఉండేది ఒక కాగితం, దాని మీద ఒక గీత. ఎడమ చివర సున్నా, అంటే అలసట బొత్తిగా లేదు. కుడి చివర పది, అంటే ఇంతకు మించిన అలసట నేను ఊహించలేను. గడిచిన వారంలో మీరు ఈ గీత మీద ఎక్కడున్నారో చెప్పండి అని అడగాలి. పనంతా ఇంతే. ఇది పెద్ద పని అని నేను ఏ మొహమాటమూ లేకుండా చెబుతాను.

కీళ్ల వాపు కంటికి కనిపిస్తుంది. ఒంట్లో జబ్బు ఎంత రగులుతోందో రక్తపరీక్ష చెబుతుంది. అలసట ఎక్కడా కనిపించదు. రాత్రంతా నిద్రపోయి లేచినా ఒంట్లో సత్తువ ఎవరో తోడేసినట్టు ఉంటుందని ఈ జబ్బు ఉన్నవాళ్లు చెబుతారు. ఇంట్లోవాళ్లు దాన్ని బద్ధకం అంటారు. ఆ ఒక్క మాట పడలేక ఎంతమంది కోడళ్లు, ఎంతమంది గుమాస్తాలు నోరు మూసుకుని ఒళ్లు గుల్ల చేసుకున్నారో నేను కళ్లారా చూశాను. కాగితం మీద సరైన సంఖ్య పడితే, ఇది బద్ధకం కాదమ్మా, జబ్బే అని గట్టిగా చెప్పడానికి మనకొక ఆధారం దొరుకుతుంది. తప్పు సంఖ్య పడితే అదే కాగితం వాళ్లకు ఎదురు తిరుగుతుంది.

మార్కులు వేసేవాళ్లు

మీకు ముందుగా ఎదురయ్యేది ఈ బాపతు. ఆబిడ్స్‌లో ఒక బడిలో లెక్కలు చెప్పే టీచరమ్మ మా దగ్గరికి వచ్చేది. పాత హైదరాబాదు కుటుంబం, ఇస్త్రీ చీర, గట్టి గొంతు. ఒకసారి గబగబా నడుచుకుంటూ వచ్చి కూర్చుని తొమ్మిది అంది. అంత అలసట ఉన్న మనిషి అలా నడవదు. ఎందుకు తొమ్మిది అని అడిగాను. ఈ వారం చాలా మంచిగున్న మేడం, మెట్లెక్కేటప్పుడు కొంచెం ఆగిన, అందుకే ఒకటి తీసేసిన అంది. తనకు తాను పదికి తొమ్మిది మార్కులు వేసుకుందన్నమాట!

నవ్వుకుంటే నవ్వుకోండి గానీ, ఇది ఆమె ఒక్కదాని అలవాటు కాదు. పదికి ఇంత అనగానే మనవాళ్ల మనసు నేరుగా పరీక్షకు పోతుంది. ఎక్కువ వస్తే మంచిది, తక్కువ వస్తే పరువు తక్కువ. కాబట్టి సంఖ్య అడిగే ముందు గీతకు రెండు చివర్లూ చూపించండి. బొత్తిగా అలసట లేని రోజు ఎలా ఉంటుందో వాళ్ల నోటితోనే చెప్పించండి. మంచం దిగలేని రోజు ఎలా ఉంటుందో కూడా చెప్పించండి. ఆ రెండూ చెప్పాక మధ్యలో చోటు వాళ్లే వెతుక్కుంటారు. కాస్త ఓపిక పడితే చాలు, ఈ చిక్కు విడిపోతుంది.

మొహమాటం అనే జబ్బు

రెండో చిక్కు అంత తేలిగ్గా వదలదు. మా విభాగానికి పెద్ద డాక్టర్ విఠల్ రావు గారు. ఆయనదీ పాత హైదరాబాదే. మంచి మనిషి, హస్తవాసి ఉన్న డాక్టరు, పొగడ్తంటే కొంచెం ఇష్టం. ఆయన మా గదిలోకి తొంగి చూస్తే చాలు, ఏడు చెప్పబోయినవాళ్లు నాలుగు చెప్పేవారు. ఎందుకలా అని ఒక పెద్దాయనను బయటికి తీసుకెళ్లి అడిగితే, సారు ఇంత మంచిగ చూస్తుంటే ఏడని ఎట్ల చెప్తమమ్మా, మర్యాదగుండదు అన్నాడు. ఈ ఊళ్లో ఎలా ఉన్నారని అడిగితే మీ దయ, మంచిగున్నం అనే జవాబు వస్తుంది. వైద్యం చేసిన మనిషి ముందు నాకింకా తగ్గలేదనడం వాళ్లకు ఆయనను తప్పు పట్టినట్టు.

నాకిది అర్థం కావడానికి కొంతకాలం పట్టింది, ఎందుకంటే నేను పెరిగిన ఇల్లు వేరు. మావాళ్లు గుడివాడ వైపు నుంచి యాభై ఆరులో, మా నాన్న ఉద్యోగంతో పాటు వచ్చి హిమాయత్‌నగర్‌లో స్థిరపడ్డారు. మా బంధువుల్లో ఒకరికి నడుం పట్టేసిందంటే ఆ సంగతి వీధి చివరిదాకా తెలియాల్సిందే. మా పిన్నిని గీత మీద చూపించమంటే కాగితం దాటి బల్ల మీద చూపిస్తుంది. అంచేత ఎవరు ఏ వైపు వంగుతారో ముందే కనిపెట్టి ఉండాలి.

దీనికి నేను పెట్టుకున్న పద్ధతి సాదా. డాక్టరుగారు చూడకముందే సంఖ్య అడగాలి. వెంట వచ్చినవాళ్లను చాయ్ తాగి రమ్మని పంపాలి. మొగుడు పక్కనుంటే ఆడవాళ్ల సంఖ్య ఒకలా ఉంటుంది, అత్తగారు పక్కనుంటే ఇంకోలా ఉంటుంది. విఠల్ రావు గారికి కూడా మీరు ఈ వేళల్లో మా గదిలోకి రావద్దు సార్ అని చెప్పేశాను. ఆయన ముఖం కొంచెం ముడుచుకుంది గానీ, ఆ తర్వాత ఆ వేళల్లో రాలేదు.

పుష్పలత

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. పుష్పలత సుల్తాన్ బజార్‌లో ఒక చీరల దుకాణంలో సేల్స్‌లో పనిచేసేది. ముప్పై అయిదేళ్లు ఉంటాయేమో. గౌలిగూడలో రెండు గదుల కిరాయి ఇల్లు. భర్త, బడికి వెళ్లే ఒక కూతురు. మొదటిసారి వచ్చినప్పుడు వేళ్లు వాచి, తాళంచెవి తిప్పలేని స్థితిలో ఉంది. ఎనిమిది అంది. నన్నడిగితే తొమ్మిదైనా నమ్మేదాన్ని.

దుకాణంలో గిరాకీ ఎదురుగా ఉండగా పనివాళ్లు కూర్చోకూడదు. పొద్దుటి నుంచి దుకాణం మూసేదాకా కౌంటరు వెనక నిలబడి చీరలు విప్పి చూపించాలి, మళ్లీ మడత పెట్టాలి. మా ఆసుపత్రి చీటీ చూసి దుకాణం యజమాని సేఠ్ ఆమెను బిల్లింగు దగ్గర స్టూలు మీద కూర్చోనిచ్చాడు. మందులు పనిచేశాయి. వాపు దిగింది, రక్తపరీక్షలు బాగుపడ్డాయి. ఎనిమిది కాస్తా ఆరైంది, ఐదైంది, ఒక రోజు వచ్చి మూడు అంది.

విఠల్ రావు గారి సంతోషం చెప్పనక్కరలేదు. ఆ సంఖ్యలు కలిపి గీస్తే దిగుతూ వచ్చిన గ్రాఫు గీతను కొత్త డాక్టర్లందరికీ చూపించారు. పుష్పలతకూ సంతోషమే. దుకాణం పై అంతస్తులో పెళ్లిచీరల విభాగం కొత్తగా తెరుస్తున్నారట. ఇంచార్జిగా ఆమెను పెట్టాలని సేఠ్‌కు ఉంది. ఒంట్లో ఏ ఇబ్బందీ లేదు, నిలబడి పనిచేయగలదు అని డాక్టరు చీటీ తెస్తే ఆ పని ఆమెది, లేకపోతే ఇంకొకరిది. ఆ చీటీ కోసమే వచ్చింది.

నాకు ఆ మూడు మింగుడు పడలేదు. ఆమె మార్కులు వేసే రకం కాదు, గీత ఆమెకు బాగా తెలుసు. డాక్టరుగారు గదిలో లేరు, మొహమాటం కూడా కాదు. అబద్ధం ఆడుతోందా అంటే, అదీ కాదు. కుర్చీలోంచి లేచేటప్పుడు చేతులు ఆనించి లేచింది. మూడు చెప్పే మనిషి అలా లేవదు. అలవాటైన కళ్లు ఒకసారి ఏదో చూశాయంటే దాన్ని కొట్టిపారేయకండి. కూర్చోబెట్టి, నిన్న లేచినప్పటి నుంచి ఏమేం చేశావో వరసగా చెప్పమన్నాను.

లేచింది. చాయ్ భర్త పెట్టాడు. వంట పక్కింటావిడా తనూ కలిసి చేస్తున్నారట, అంటే ఆవిడే చేస్తోంది. దుకాణానికి ఆటో. ఆదివారం అక్క ఇంటికి వెళ్లడం మానేసింది. జర పండుకుంట మేడం, గంతే అంది. ఎంతసేపు అంటే, పొద్దుగూకేదాకా. అన్నీ మామూలు సంగతులు చెప్పినట్టే చెబుతోంది. మొదట్లో వెంట వచ్చే కూతురు నాకు గుర్తొచ్చింది. నడుం దాటిన రెండు జడలు, ఎర్ర రిబ్బన్లు. పాపకు పొద్దున్నే జడలెవరు వేస్తున్నారని అడిగాను.

పుష్పలత తన వేళ్ల వైపు చూసుకుంది.

"జడలు లేవు మేడం. కత్తిరిపిచ్చిన. చేతులు పైకెత్తి వెయ్యాలంటే నాతోని కాకపాయె. పిల్ల రెండ్రోజులు అన్నం తినలే."

అప్పుడు నాకు మొత్తం అర్థమైంది. ఆమె మూడు నిజమే. బతుకులోంచి ఒక్కొక్కటే తీసి పక్కన పెట్టేసి, మిగిలిన కాస్త బతుకుకు మూడు. పని మానుకుంటే అలసట తగ్గక ఏమవుతుంది? నాకు కళ్లనీళ్లు తిరిగాయి, కోపం కూడా వచ్చింది. కోపం ఆమె మీద కాదు, ఇన్నేళ్లూ ఆ ఒక్క గీతనే పట్టుకుని వేలాడిన మా అందరి మీద.

ఎవరి అలసట

చీటీ అలా ఇవ్వొద్దని విఠల్ రావు గారితో చెప్పాను. ఇస్తే పై అంతస్తులో రోజంతా నిలబడుతుంది, ఆ కాస్త మిగిలిందీ పోతుంది అన్నాను. ఆయనకు నచ్చలేదు. ఆయన అడిగిన మాట మాత్రం ఈ వృత్తిలో ఉన్న ప్రతివాళ్లూ వినాలి.

"ఆమె మూడన్నది. నువ్వు ఆరనుకుంటున్నవ్. మనం కొలిచేది ఎవరి అలసట వసుంధరా, ఆమెదా, నీదా?"

మంచి ప్రశ్న. రోగి చెప్పిన సంఖ్యను మనం దిద్దడం మొదలుపెడితే ఇక ఆ కాగితం ఎందుకు? అలా దిద్దేవాళ్లను చూశాను, నాకు వాళ్లంటే గౌరవం లేదు. మూడు మూడే సార్, నేను దిద్దను, కానీ ఎలాంటి రోజుకు మూడో దాని పక్కనే రాయనివ్వండి అన్నాను. ఏం మానేసిందో ఆమెనే అడగండి, నా మాట నమ్మొద్దు అన్నాను.

పిలిచి అడిగారు. పుష్పలత అన్నీ చెప్పింది, జడల సంగతి చివర్న చెప్పింది. చెప్పాక ఏడవలేదు, కానీ చేతులు ఒళ్లో గట్టిగా పట్టుకుంది. ఇవన్నీ రాస్తే చీటీ రాదని ఆమెకు తెలుసు.

"సార్, రెండేండ్ల సంది ఆశ పెట్టుకున్న. జబ్బు మనిషి అంటే పక్కకు పెడ్తరు. బిడ్డ జుట్టు వోయింది, గిది గూడ పోతే నాకేముంటది?"

చీటీ ఇస్తే ఒళ్లు పోతుంది, ఇవ్వకపోతే పని పోతుంది. అప్పుడు విఠల్ రావు గారు కళ్లద్దాలు తీసి, మీ దుకాణంలో ఈ నిలబడుడు ఎప్పటి సంది షురూ అయింది అని అడిగారు. ఆమెకు తెలియదు. ఆయనకు తెలుసు. ఆయన చిన్నప్పుడు ఆ బజారులో తెల్ల దుప్పటి పరిచిన గద్దెల మీద అమ్మేవాళ్లు కూర్చునేవారట, కొనేవాళ్లూ చెప్పులు విడిచి ఎదురుగా కూర్చునేవారట. నిలబడి పెళ్లిచీరలు కొనడం ఆ కాలంలో ఎవరూ ఎరగరట. ఆ సేఠ్ తండ్రి దగ్గరే తమ ఇంటి పెళ్లిళ్లన్నిటికీ చీరలు కొన్నారట. అప్పటికప్పుడు ఫోన్ తీశారు.

సేఠ్ వెంటనే ఒప్పుకోలేదు. ఇప్పుడంతా షోరూముల కాలం, అద్దాల కౌంటర్లు కావాలంటున్నారు అన్నాడట. విఠల్ రావు గారు పొగడ్తంటే ఇష్టమున్న మనిషి కదా, పొగడ్తతో పని చేయించుకోవడమూ వచ్చు. మీ నాయన గద్దె మీద ఒక్కసారి కూర్చున్న గిరాకీ మళ్లా లేచిపోలేదు, పెండ్లి ఇంటి ముసలమ్మలు నిలవడి ఎన్ని చీరలు చూస్తరు, జర సోచాయించు అన్నారు. పెళ్లిచీరల వరకూ గద్దె వేయడానికి సేఠ్ సరేనన్నాడు. చీటీలో, ఇంచార్జిగా పనిచేయగలదు, కూర్చుని అమ్మాలి అని రాశారు. పక్కన తన సంతకం మామూలుకన్నా పెద్దగా పెట్టారు.

మోకాలి ఎత్తు

ఇక్కడ నా వృత్తి అక్కరకొచ్చింది. ఒక రోజు పని ముగించుకుని కోఠీ మీదుగా నడిచి సుల్తాన్ బజార్ వెళ్లాను. పై అంతస్తులో వడ్రంగి పని నడుస్తోంది. పాతకాలపు గద్దె అంటే నేల మీద పరుపు అని సేఠ్ చెప్పాడు, వడ్రంగి నేలకు జానెడు ఎత్తున చెక్క కొడుతున్నాడు. అంత కిందికి కూర్చుంటే ఆమె మోకాళ్లతో మళ్లీ లేవలేదు. పని ఆపించాను. పుష్పలతను నిలబెట్టి, మోకాలి వెనక మడత దగ్గర చెయ్యి పెట్టి, ఇంత ఎత్తు ఉండాలి అని చూపించాను. ఇది గద్దె గాదు, తఖ్తు అయితది, బల్ల లెక్క అని సేఠ్ గొణిగాడు. ఏ పేరైనా పెట్టుకోండి, ఎత్తు మాత్రం ఇదే అన్నాను. మంచి ఉద్దేశంతో చేసిన పని కూడా జానెడు తేడాతో పాడవుతుంది, దగ్గరుండి చూసుకోండి.

అప్పటి నుంచి మా కాగితంలో గీత కింద రెండు వరసలు చేర్చాను. అలసట వల్ల ఏం మానేశారు, మళ్లీ ఏం మొదలుపెట్టారు. కొత్తగా వచ్చిన అమ్మాయికి చెప్పదలుచుకున్నది ఇదే. ఇద్దరు నాలుగు అంటే అవి రెండూ ఒకే నాలుగు కావు. ఒకరు ఇల్లంతా మోస్తూ నాలుగు, ఇంకొకరు మంచానికి అంటుకుపోయి నాలుగు. ఆ రెండు వరసలు అడగకుండా సంఖ్య రాసుకుంటే మనం పని చేసినట్టు కాదు. అడిగితే ఒక్కొక్కరికి చాలాసేపు పడుతుంది, బయట వరస పెరుగుతుంది, నర్సమ్మలు విసుక్కుంటారు. విసుక్కోనివ్వండి.

ఐదు

పై అంతస్తు తెరిచారు. పుష్పలత తెల్ల దుప్పటి మీద కూర్చుని చీరలు పరవడం మొదలుపెట్టింది. తర్వాతిసారి వచ్చినప్పుడు నాలుగు అంది. ఆ తర్వాత ఐదు. విఠల్ రావు గారు కాగితం పట్టుకుని మా గదికి వచ్చారు. ఎక్కుతున్నదేందమ్మా, మందు మార్చాల్నా అన్నారు. కింది వరసలు చూడండి సార్ అన్నాను. మానేసినవాటి వరస చిన్నదైపోయింది. వంట మళ్లీ ఆమె చేతికి వచ్చింది, ఆదివారం అక్క ఇల్లు వచ్చింది. ఆయన చాలాసేపు చూశారు. కొత్త డాక్టర్లకు చూపించే గీతల్లో దిగేవాటి పక్కన దీన్ని కూడా పెట్టించారు. ఆయనను నేను చాలాసార్లు విసిగించాను, ఆయనా నన్ను విసిగించారు. కానీ తప్పు కళ్లముందు పెడితే చూసే మనిషి, అలాంటి బాసు దొరకడం అదృష్టం.

నేను రిటైరయ్యే ముందు పుష్పలత చివరిసారి వచ్చింది. వెంట కూతురు. పిల్ల ఎత్తు పెరిగింది, జుట్టూ పెరిగింది. భుజాల కిందికి రెండు జడలు, ఒకటి కొంచెం పైకి, ఇంకొకటి కొంచెం కిందికి, ఎర్ర రిబ్బన్లతో. ఎవరు వేశారని నేను అడగలేదు. ఆ వంకర చూస్తేనే తెలుస్తోంది. కాగితం తీయడానికి కాస్త ఆగాల్సి వచ్చింది.

ఎంత అని అడిగాను. ఐదే మేడం, పొద్దున జడలేసిన, చేతులు గుంజుతున్నయ్ అంది. రాసుకున్నాను. కింది వరసలో జడలు అని రాశాను. ఆమె తొంగి చూసి, మూడుండే, ఐదైంది, సారు ఏమనుకుంటరో అని సందేహపడింది. ఏమీ అనుకోరు, ఐదే చెప్పమ్మా అన్నాను.

విఠల్ రావు గారు లోపలికి వచ్చి ఎట్లున్నవమ్మా అని అడిగారు. పుష్పలత ఆయన ముఖంలోకి సూటిగా చూసి, మీ దయ అనకుండా, మంచిగున్న అనకుండా, "ఐదు సార్" అంది. ఆయన ఒకసారి పిల్ల జడల వైపు చూశారు.

"శభాష్," అన్నారు.

పదికి ఐదొస్తే గూడ శభాష్ అంటరా అని పిల్ల పకపకా నవ్వింది.